పిసినారి ఊళ్లో ఒక పూట

"నయాగరా అంటే చెప్పు, సెలవు పెడతాను. వాకీగన్‌లో ఏముంది నాన్నా?" అంది మా అమ్మాయి. షికాగోలో వాళ్లింటికి ఎప్పుడు వెళ్లినా శనివారానికొక గుడో జలపాతమో చూపించాలని దానికి పట్టుదల.

"ఒక పిసినారి విగ్రహం ఉంది" అన్నాను. అల్లుడు నవ్వి, మారు మాట్లాడకుండా స్టేషన్ దగ్గర దింపి వెళ్లాడు.

ఆ పిసినారి పేరు జాక్ బెన్నీ. 1932 నుంచి 1955 దాకా రేడియోలో, 1950 నుంచి 1965 దాకా టెలివిజన్‌లో, ఎంగిలి చేత్తో కాకిని తోలని మనిషిగా నటించి అమెరికాను నవ్వించాడు. ఆయన గొంతు నేను మొదట విన్నది ఉద్యోగ విరమణ తర్వాత, నిద్ర పట్టని రాత్రుల్లో. విజయవాడ కేంద్రం నాటకాలు వింటూ పెరిగిన చెవులు నావి. తలుపు కిర్రుమంటే చాలు, ఆ ఇల్లంతా కళ్లకు కట్టేది. ఆ రుచి కోసం వెతుక్కుంటూ ఇంటర్నెట్‌లో పాత అమెరికన్ రికార్డింగుల దాకా వెళ్లాను.

షికాగో నుంచి వాకీగన్ సుమారు 60 కిలోమీటర్లు, రైల్లో గంట దాటుతుంది. ఈ లైనులో రైళ్లు మన దగ్గరలాగే ఎడమ పట్టాల మీద నడుస్తాయి. ఎందుకో ప్రాణం కుదుటపడింది. ఊరు దగ్గరపడుతుండగా గ్రేట్ లేక్స్ అనే స్టేషన్ వచ్చింది, పక్కనే నౌకాదళం శిక్షణ కేంద్రం. మొదటి ప్రపంచ యుద్ధంలో బెన్నీ పనిచేసింది అక్కడే. ఒకరోజు నావికుల ముందు వయొలిన్ వాయిస్తే వాళ్లు గోల చేశారట. ఫిడేలు దించి నాలుగు మాటలు చెబితే నవ్వారట. వాయించడం కన్నా ఆపడం లాభమని ఆయనకు తెలిసింది బహుశా అప్పుడే.

వాకీగన్ స్టేషన్ కింద, మిషిగన్ సరస్సు పక్కన ఉంది. ఊరేమో గట్టు మీద. మోకాళ్లు పట్టుకుని ఎక్కాను. జెనెసీ వీధిలో సగం బోర్డులు స్పానిష్‌లో ఉన్నాయి, వేడి రొట్టెల వాసన గుప్పుమంటోంది. ఒకప్పుడు ఈ ఊళ్లోనే మేయర్ కుబెల్స్కీ (మేయర్ అన్నది పేరే, పదవి కాదు) అనే పోలండ్ యూదుడు మొదట సారా కొట్టు, తర్వాత బట్టల కొట్టు నడిపాడు. ఆయన కొడుకు బెంజమినే మన బెన్నీ, 1894లో పుట్టాడు. పురుడు షికాగోలో పోసినా పెరిగింది ఇక్కడే. గొప్ప వయొలిన్ విద్వాంసుడవుతాడని తల్లిదండ్రుల ఆశ. కుర్రాడు చదువు మధ్యలో వదిలేసి, ఊళ్లోని బారిసన్ థియేటర్లో వేదిక కింద కూర్చుని వాయించే వాళ్లలో చేరాడు. పేరు కూడా తిన్నగా నిలవలేదు. పేరు తనదిలా ఉందని కుబెలిక్ అనే విద్వాంసుడు అభ్యంతరం చెబితే బెన్ బెన్నీ అయ్యాడు, బెన్ బెర్నీ అనే మరొకాయన అభ్యంతరం చెబితే జాక్ బెన్నీ అయ్యాడు.

విగ్రహం 2002లో పెట్టారు. కంచుది, చేతిలో వయొలిన్. పక్కనే 1927 నాటి జెనెసీ థియేటర్. బూటు దగ్గర ఎవరో ఒక సెంటు నాణెం పెట్టి వెళ్లారు, కొత్తది, ఎండకు మెరుస్తోంది. నేనూ ఒకటి పెడదామని జేబులో చెయ్యి పెట్టాను. తగిలింది పావు డాలరు. చెయ్యి అక్కడే కాసేపు ఆగింది. పిసినారికి నమస్కారం పెట్టడానికి అంతకన్నా సరైన పద్ధతి లేదనిపించి, నాణెం బయటకు తీయలేదు.

1948 మార్చి 28 నాటి ప్రసారంలో బెన్నీ రాత్రివేళ నడిచి వస్తుంటే దొంగ అడ్డుపడతాడు. "డబ్బా, ప్రాణమా?" అంటాడు. జవాబు లేదు. నవ్వు మొదలవుతుంది, పెరుగుతుంది. "డబ్బా ప్రాణమా అని అడిగానా?" అని దొంగ గదమాయిస్తే, "ఆలోచిస్తున్నానయ్యా!" అంటాడు బెన్నీ. రేడియోలో నాలుగు క్షణాలు మాట ఆగితే వినేవాడు సెట్టు పాడైందని పైన ఒకటి తడతాడు. ఈయనకు ఆ భయం లేదు. 1932లో మొదటిసారి మైకు ముందుకొచ్చినప్పుడే, "నేను జాక్ బెన్నీని. 'అయితే మాకేమిటి?' అని మీరనుకోవడానికి కాస్త విరామం" అన్న మనిషి.

ఆ కార్యక్రమంలో ఆయన డబ్బు దాచుకునే నేలమాళిగ కూడా నాకు భలే ఇష్టం. అడుగుల చప్పుడు, గొలుసులు, ఇనుప తలుపులు, చివర ఏళ్ల తరబడి వెలుతురు చూడని కాపలాదారు. టెలివిజన్‌లో దాన్ని కట్టి చూపించారు కానీ, చెవితో దిగినంత లోతు కంటితో దిగలేం. మౌనానికి మాత్రం టెలివిజన్ ఒక ముఖాన్నిచ్చింది. చెంపకు చెయ్యి ఆనించి జనం వైపు దిగాలుగా చూసేవాడు, అంతే. 1937లో వచ్చి చేరిన నల్లజాతి నటుడు ఎడ్డీ ఆండర్సన్, రోచెస్టర్ అనే పనివాడి వేషంలో, యజమానిని ఒక్క మాటతో కిందికి దింపేవాడు. మొదటి ఏళ్లలో అతని జాతి మీద వేసిన జోకులు ఇప్పుడు వింటే ముల్లులా గుచ్చుకుంటాయి. రెండో ప్రపంచ యుద్ధం తర్వాత బెన్నీ వాటిని తగ్గించాడు.

ఊళ్లో ఆయన పేరిట 1961లో ఒక బడి పెట్టారు. ఆటల జట్టు పేరు 'థర్టీనైనర్స్'. ఏటేటా తన వయసు ముప్పై తొమ్మిదేనని బొంకేవాడు కదా! బడి పెట్టేనాటికి అరవై ఏడు.

సాయంత్రం స్టేషన్‌కు దిగి, చెవిలో బెన్నీ రికార్డింగు పెట్టుకున్నాను. అందులో రైల్వే ప్రకటనల గొంతు మెల్ బ్లాంక్ అనే నటుడిది. "అనహైమ్, అజూసా, కూక్..." అని ఆగుతాడు. ఎంతో సేపటికి "...అమాంగా!" కూకమాంగాతో కలిపి ఈ మూడు ఊళ్లూ నిజంగా కాలిఫోర్నియాలో ఉన్నాయి. పోనుపోనూ ఆ ఎడం పెరిగి, మధ్యలో వేరే సంభాషణ ఒకటి నడిచిపోయేది.

ఇంతలో ప్లాట్‌ఫామ్ మీద నిజం మైకు గరగరలాడింది. షికాగో వెళ్లే రైలు అని మొదలుపెట్టి, టప్పున ఆగిపోయింది. పక్క బెంచీలో కూర్చున్న ముసలాయన తలెత్తి చూశాడు. సంచులు పట్టుకున్న ఆడవాళ్లూ తలెత్తారు. నేను నవ్వు ఆపుకోలేక రుమాలు అడ్డం పెట్టుకున్నాను.

"...పది నిమిషాలు ఆలస్యం" అంది మైకు.