వేళ్లతో చదివే పిల్లలకీ డిస్లెక్సియా ఉంటుంది

పిల్లవాడు మూడో తరగతికి వచ్చినా కూడబలుక్కునే చదువుతుంటే ఇంట్లోవాళ్లకు మొదట తట్టేది కళ్లద్దాలు. వాళ్లను తప్పుపట్టి లాభం లేదు, ఒకప్పుడు డాక్టర్లదీ ఇదే ఆలోచన. చదవడంలో వచ్చే ఈ ఇబ్బందికి డిస్లెక్సియా అన్న మాటను 1880ల్లో వాడుకలోకి తెచ్చిన రుడాల్ఫ్ బెర్లిన్ జర్మనీలో కంటి వైద్యుడు. 1896లో ఇంగ్లండ్ డాక్టరు ప్రింగిల్ మోర్గన్ ఇలాంటి 14 ఏళ్ల కుర్రాడి గురించి రాస్తూ ఆ ఇబ్బందిని 'పుట్టుకతో వచ్చిన పదాంధత్వం' అన్నాడు. ఆ కుర్రాడి చూపు బాగానే ఉందనీ, లెక్కలు చక్కగా చేస్తాడనీ ఆయనే రాశాడు. అయినా పేరులో అంధత్వం ఉండిపోయింది.

మాటను శబ్దాలుగా విడగొట్టి, ఆ శబ్దాలను అక్షరాలతో ముడిపెట్టే పని మెదడులో సాఫీగా సాగకపోవడమే చాలామందిలో డిస్లెక్సియాకు మూలం. అక్షరం కంటి ద్వారా వచ్చినా, వేలి ద్వారా వచ్చినా ఆ పని తప్పదు. చూపున్నవాళ్లు అచ్చు చదివేటప్పుడు పనిచేసే మెదడు భాగమే, పుట్టుకతో చూపులేనివాళ్లు బ్రెయిల్ (ఉబ్బెత్తు చుక్కలను వేలితో తడిమి చదివే లిపి) చదివేటప్పుడూ పనిచేస్తుందని 2011లో వచ్చిన ఒక పరిశోధన చూపించింది.

అలాగని కంటి పరీక్ష మానకండి. ఆరు మీటర్ల దూరపు చార్టు ఒక్కటే చాలదు. పుస్తకం పట్టుకునే దూరంలో, అంటే 33 నుంచి 40 సెంటీమీటర్ల దగ్గర కూడా చూపు చూడాలి. పిల్లల కళ్లు బలవంతంగా ఫోకస్ చేసి ప్లస్ పవర్‌ను దాచేస్తాయి కాబట్టి కంట్లో చుక్కల మందు వేశాకే పవర్ తేలుతుంది. రెండు కళ్లూ దగ్గరి వస్తువు మీద కలవకపోతే మొదటి పేజీ బాగానే చదివి, తర్వాత అక్షరాలు రెండుగా కనిపిస్తున్నాయనో తలనొప్పి అనో అంటారు. డిస్లెక్సియా అయితే మొదటి వాక్యంలోనే తడబాటు మొదలవుతుంది. ఇంట్లో చేసుకోగల పరీక్ష ఒకటుంది: అదే పేరాను రెట్టింపు సైజులో ప్రింట్ తీసి చదివించండి. తప్పులు తగ్గితే కంటిని కూడా అనుమానించాలి. అవే తప్పులు, అవే చోట్ల వస్తే కంటికి మించినదేదో ఉంది. రంగు అద్దాలు, కంటి వ్యాయామాలు డిస్లెక్సియాను తగ్గిస్తాయనడానికి సరైన ఆధారం లేదని అమెరికాలో పిల్లల వైద్యుల, కంటి వైద్యుల సంఘాలు 2009లోనే కలిసి ప్రకటించాయి. వాటికి పెట్టే డబ్బేదో చదువు చెప్పేవాళ్లకు ఇవ్వడం నయం.

చూపులేని పిల్లల దగ్గర చిక్కు వేరు. బ్రెయిల్ మెల్లగా చదువుతున్నాడంటే 'పాపం, చూపు లేదు కదా' అని వదిలేస్తారు. అసలు తేడా ఎక్కడుందో మూడు మెట్లలో తెలుస్తుంది. ఒక్క అక్షరం వేలి కింద పెట్టి ఏయే చుక్కలున్నాయో నంబర్లు (ఎడమ వరుసలో పైనుంచి కిందికి 1, 2, 3; కుడి వరుసలో 4, 5, 6) చెప్పమనండి. అక్కడే తప్పితే ఇబ్బంది స్పర్శలోనో, వాడి వాడి చుక్కలు అణిగిపోయిన కాగితంలోనో ఉంది. చుక్కలు సరిగ్గా చెప్పి అక్షరం చెప్పలేకపోతే ఇంకా నేర్చుకోలేదన్నమాట. అక్షరాలన్నీ చెప్పి మాటగా కలపలేకపోతే, అదీ నెలల తరబడి నేర్పాక కూడా, అప్పుడు డిస్లెక్సియాను అనుమానించాలి. ఆ పైన పరీక్షంతా నోటితోనే: 'కమలం'లో 'మ' తీసేస్తే ఏం మిగిలింది? 'కాలు'లో మొదటి శబ్దం మార్చి 'ప్' పెడితే ఏమవుతుంది? 'తిమురగోలి' లాంటి అర్థంలేని మాటను విని తిరిగి చెప్పగలడా? వీటికి కళ్లతో గానీ వేళ్లతో గానీ పనిలేదు.

తెలుగు బ్రెయిల్‌లో జ (2, 4, 5), హ (1, 2, 5) అద్దంలో ప్రతిబింబాల్లా ఉంటాయి. ఇ (2, 4), ఏ (1, 5) కూడా అంతే. కొత్తగా నేర్చుకునేవాళ్లు ఎవరైనా వీటిని తారుమారు చేస్తారు. దాన్నిబట్టి డిస్లెక్సియా అని తేల్చేయకూడదు. జతలో రెండో అక్షరాన్ని, మొదటిది బాగా స్థిరపడ్డాకే నేర్పాలి.

ఒత్తుల దగ్గర మాత్రం బ్రెయిల్ కాస్త దయగలది. అచ్చులో 'భక్తి' రాస్తే గుడి క మీద ఉంటుంది, పలికేది త తర్వాత. త ఒత్తేమో కింద. బ్రెయిల్‌లో భ, ఆ తర్వాత నాలుగో చుక్క, క, త, ఇ వరుసగా వస్తాయి, పలికే క్రమంలోనే. క ముందున్న ఆ నాలుగో చుక్క, 'దీనికి అచ్చు లేదు' అని ముందే చెబుతుంది. అచ్చులో 'భకిత' అని చదివే పిల్లవాడు రాత అమరిక వల్ల తప్పుతుండవచ్చు. బ్రెయిల్‌లోనూ అలాగే చదివితే శబ్దాలను కలపడంలోనే లోపం వెతకాలి.

పూర్తిగా స్క్రీన్ రీడర్ (తెర మీది రాతను చదివి వినిపించే సాఫ్ట్‌వేర్) మీదే పెరిగిన పిల్లలు శ-ష, ల-ళ, న-ణ తప్పులు రాస్తారు. ఆ మాటల స్పెల్లింగ్‌ను వాళ్లు ఎప్పుడూ వేలితో తాకలేదు మరి. డిస్లెక్సియా అనుకునేముందు, అలాంటివాళ్లకు ఆడియోతో పాటు అదే పాఠం బ్రెయిల్‌లో ఇచ్చి కొన్ని నెలలు చూడాలి.

2016 వికలాంగుల హక్కుల చట్టం చూపులేమినీ, నేర్చుకోవడంలోని ప్రత్యేక వైకల్యాన్నీ విడివిడిగా గుర్తించింది. కానీ ఆ రెండో దానికి వాడే పరీక్షలు అచ్చు చదివే పిల్లల కోసం తయారైనవి. చూపులేని పిల్లవాడికి అవి పెట్టి మార్కులు వేస్తే ఫలితానికి అర్థం ఉండదు. పైన చెప్పిన నోటి పరీక్షల్లో ఎక్కడ ఆగిపోయాడో, ఎన్ని నెలలు నేర్పాక ఆగిపోయాడో తేదీలతో రాసిపెట్టి, ఆ కాగితం నిపుణుడి చేతికివ్వండి.