సరస్సుకు తీసుకెళ్తే సరిపోదు, ఈత నేర్పాలి

మన పిల్లలకు ఇక్కడ, అమెరికాలోని టెక్సస్‌లో, మొదట నేర్పించాల్సింది ఈత. కూచిపూడి, కర్ణాటక సంగీతం, శనివారం లెక్కల క్లాసు అన్నీ ఆ తర్వాతే. ఈ మాటంటే స్నేహితుల్లో కొందరు నొచ్చుకుంటారు. వేసవిలో ఒక్క ఆదివారం రే రాబర్ట్స్ లేక్ ఒడ్డున కూర్చుని చూస్తే నేనెందుకంటున్నానో వాళ్లకే తెలుస్తుంది.

డాలస్‌కు ఉత్తరాన ఫ్రిస్కో, ప్రాస్పర్ వైపు ఉండేవాళ్లకు ఆ సరస్సు ఒడ్డునున్న స్టేట్ పార్కు దగ్గరే. ట్రినిటీ నదిలో ఎల్మ్ ఫోర్క్ అనే పాయకు ఆనకట్ట కట్టి 1980ల చివర్లో నింపిన జలాశయమే ఆ సరస్సు. డాలస్, డెంటన్ ఊళ్లకు తాగునీరు ఇస్తుంది. పార్కులో ఐల్ డు బ్వా అనే భాగం వైపు ఇసుక ఒడ్డు ఉంది, ఓక్ చెట్ల కింద బల్లలున్నాయి. మనవాళ్ల కార్లు ఆగుతాయి, పులిహోర గిన్నెలు దిగుతాయి, చాపలు పరుస్తారు. పిల్లలేమో తిన్నగా నీళ్ల వైపు పరిగెడతారు. వెనకనుంచి "మోకాళ్ల దాకానే, లోపలికి వెళ్లొద్దు!" అని ఒకటే కేకలు. కేకలేసే అమ్మకూ రాదు ఈత, పక్కనున్న నాన్నకూ రాదు. నిజంగా కాలు జారితే ఎవరు దిగుతారు? టెక్సస్ స్టేట్ పార్కుల్లో లైఫ్‌గార్డులు ఉండరు.

జలాశయం స్విమ్మింగ్ పూల్ లాంటిది కాదు. అడుగు కనిపించదు, రెండడుగులు వేసేసరికి లోతు మారిపోతుంది. పైగా మునిగిపోయే మనిషి సినిమాల్లోలా చేతులెత్తి అరవడు. చాలాసార్లు చప్పుడే ఉండదు.

2022 థ్యాంక్స్‌గివింగ్ సెలవుల్లో మిస్సోరీలోని లేక్ ఆఫ్ ది ఓజార్క్స్‌లో ఇద్దరు తెలంగాణ విద్యార్థులు చనిపోయారు. ఒకరు ఈతకు దిగి మునిగిపోతే, కాపాడబోయిన రెండో అబ్బాయీ తిరిగి రాలేదు. ఆ వార్త చదివిన రాత్రి నాకు నిద్ర పట్టలేదు. ఎంత మంచి మనసు ఆ పిల్లవాడిది! ఆ మనసుకు తోడు "దూకకు, తాడు విసురు, కర్ర అందించు" అని చిన్నప్పుడే ఎవరైనా నేర్పి ఉంటే అనిపిస్తుంది ఇప్పటికీ. మా పిల్లలిద్దరికీ ఆ మాట కంఠతా వచ్చు.

మా నాన్న నడుముకు ఎండు సొరకాయ కట్టుకుని ఊరి బావిలో ఈత నేర్చుకున్నారు. మాకా అదృష్టం లేదు. ఖమ్మంలో పక్కనే మున్నేరు పారుతున్నా, ఆడపిల్లలకు ఈతెందుకన్నారు. నేను మా అమ్మాయితో పాటు ఇక్కడి రిక్రియేషన్ సెంటర్‌లో చేరాను. నీళ్లలో మొహం పెట్టి గాలి వదలడం నాకు గండంలా ఉండేది. తొమ్మిదేళ్ల నా కూతురు పక్కనే మునిగి, బుడగలు వదిలి, పైకి లేచి "అమ్మా, ముక్కుతో వదులు, నోటితో కాదు" అని చెప్పేది. నా కూతురే నాకు గురువైనందుకు చాలా గర్వంగా ఉంటుంది.

నీళ్ల దగ్గర తరాలు ఎంత బాగా కలుస్తాయో మా మామయ్యగారు వచ్చినప్పుడు చూశాను. కృష్ణా జిల్లాలో చెరువు గట్టున పెరిగిన మనిషి ఆయన. ఇక్కడికొచ్చాక ఇంట్లో టీవీ ముందు ముభావంగా ఉండేవారు. స్టేట్ పార్కులో ఒడ్డు మీదనుంచి చేపలు పట్టడానికి లైసెన్సు అక్కర్లేదని మావాడు చెప్పగానే లేచి కూర్చున్నారు. ఒడ్డున కూర్చుని మనవడి చేతిలో ఎర్రను పెట్టి, "మొత్తం గుచ్చెయ్యకురా, కొస వదులు. అది కదిలితేనే చేప వస్తుంది" అన్నారు. తర్వాత గంటసేపు ఇద్దరి చూపులూ బెండు మీదే. ఇంట్లో "అవును", "కాదు" దాటని మావాడి తెలుగు అక్కడ ఆగలేదు. "తాతయ్యా, మునిగింది, లాగనా? ఇప్పుడా?"

పడింది క్రాపీ అనే చేప. మావాడు స్కేలు పెట్టి కొలిచాడు. పది అంగుళాలకు తక్కువ ఉంటే వదిలేయాలి. అది తొమ్మిదిన్నరే ఉంది. "చేతికొచ్చిన చేపని వదిలేస్తామా!" అన్నారు మామయ్యగారు. "ఇంకా గుడ్లు పెట్టాలి కదా తాతయ్యా" అన్నాడు వాడు. ఆయన కాసేపు ఆలోచించి, "మా నాన్న కూడా చిన్న చేపలు జారిపోవాలనే వల కన్ను పెద్దది వేయించేవాడు" అన్నారు. ఇక్కడి చట్టమూ ముత్తాత పద్ధతీ ఒకటేనని నేను కూర్చోబెట్టి చెబితే వాడు వినేవాడే కాదు. తాత నోట విన్నాడు కాబట్టి ఇప్పటికీ స్నేహితులకు చెబుతుంటాడు.

టెక్సస్‌లో వనభోజనాలకు కార్తీకమాసమే సరైన కాలం, ఎండ తగ్గి హాయిగా ఉంటుంది. ఉసిరి చెట్టు దొరకదు కాబట్టి మేము కుండీలో ఉసిరి కొమ్మ పెట్టుకుని ఓక్ చెట్టు కిందే దీపం వెలిగిస్తాం. శని, ఆదివారాలకు ముందే బుక్ చేసుకోవాలి, పార్కు నిండితే గేటు దగ్గరే వెనక్కి పంపేస్తారు. ఏడాది పాసు తీసుకుంటే కారులో ఉన్నవాళ్లందరికీ కలిపి సరిపోతుంది.

ఈసారి మా వనభోజనాల బృందంలో రెండు ఏర్పాట్లు చేశాం. కయాక్ అనే చిన్న తెడ్డు పడవ ఎక్కే ప్రతి ఒక్కరూ, పెద్దవాళ్లతో సహా, లైఫ్ జాకెట్ వేసుకోవాలి. పదమూడేళ్ల లోపు పిల్లలకు చట్టమే తప్పనిసరి చేసింది, పెద్దలకు మేం పెట్టుకున్నాం. రెండోది, పిల్లలు నీళ్లలో ఉన్నంతసేపూ ఈత వచ్చిన ఒక పెద్దమనిషి ఫోన్ పక్కన పెట్టి వాళ్లనే చూస్తూ ఉండాలి. అరగంటకొకరు మారతాం. మొదటి వంతు నాది, కాబట్టి వడ్డన మాత్రం ఇంకెవరైనా చూసుకోవాలి.