తెనాలి పొలం, కొలంబస్ టౌన్‌హోమ్, ఒక రాజకీయ నియామకం

"ఇండియన్ హౌసింగా? అంటే మనవాళ్లకి ఇళ్లు కట్టిస్తారా?" అని అమ్మ ఫోన్లో అడిగింది. 2021 మే నెల. అమెరికా ప్రభుత్వ గృహనిర్మాణ, పట్టణాభివృద్ధి శాఖను ఇక్కడ అందరూ హడ్ అంటారు. అందులో పబ్లిక్ అండ్ ఇండియన్ హౌసింగ్ విభాగానికి స్పెషల్ అసిస్టెంటుగా నా పేరు పరిశీలనలో ఉందని గంట ముందే కబురొచ్చింది. ఆ ఇండియన్లు మనం కాదమ్మా, ఇక్కడి ఆదివాసీ తెగలవాళ్లు అని చెప్పాను. అమ్మ కాసేపు ఆగి, "వాళ్లకీ ఇళ్లు కావాలిగా, వెళ్లు" అంది.

అప్పటికి ఒహాయో రాష్ట్రంలో ఒక హౌసింగ్ అథారిటీలో పదకొండేళ్లుగా పనిచేస్తున్నాను. నాది వోచర్ల సెక్షన్. అద్దెలో కుటుంబం తన ఆదాయంలో దాదాపు 30 శాతం కడుతుంది, మిగతాది వోచర్ భరిస్తుంది. డబ్బు హడ్‌ది, కౌంటర్ దగ్గర జవాబు చెప్పేది మేము. ఆ ఏడాది మార్చిలో వచ్చిన చట్టం 500 కోట్ల డాలర్లు కేటాయించి, 70,000 అత్యవసర వోచర్లు ఇచ్చింది. ఇల్లు లేనివాళ్లకి, ఇంట్లో హింస భరించలేక పిల్లలతో బయటికొచ్చిన ఆడవాళ్లకి. చేతిలో వోచర్ ఉన్నా అద్దెకిచ్చే యజమాని దొరక్క గడువు దాటిపోతుంటే మా కౌంటర్ ముందు నిలబడి ఏడ్చినవాళ్లని చూశాను. వాషింగ్టన్ నుంచి వచ్చే ఒక నోటీసులో ఒక వాక్యం మారితే ఆ గడువు పెరుగుతుంది. ఆ వాక్యం రాసే గదిలో కౌంటర్ దగ్గర పనిచేసిన మనిషి ఒక్కరైనా ఉండాలనిపించింది. ముందటి ఏడాది, 2020 ఎన్నికలయ్యాక నవంబర్లోనే కొత్త ప్రభుత్వం ఏర్పాట్లు చూస్తున్నవాళ్ల వెబ్‌సైట్‌లో దరఖాస్తు పెట్టానంటే కారణం అదొక్కటే.

మన దగ్గర నామినేటెడ్ పదవులంటే ఎలా ఉంటుందో తెలుసు కదా. పార్టీకి పనిచేసినవాళ్లకి కార్పొరేషన్ ఛైర్మన్లు, డైరెక్టర్లు. ఇక్కడా ఆ కోవలోవే దాదాపు 4,000 పోస్టులున్నాయి. ప్రతి అధ్యక్ష ఎన్నిక తర్వాత వాటి జాబితా అచ్చయ్యేది, దాన్ని ప్లమ్ బుక్ అంటారు. వాటిలో 1,200కి పైగా సెనేట్ ఆమోదం కావాల్సినవి: మంత్రి, ఉపమంత్రి, సహాయ కార్యదర్శులు. వాళ్ల కింద సీనియర్ ఎగ్జిక్యూటివ్ హోదాలో కొందరు. ఆ కింద షెడ్యూల్ సి. 1953లో అధ్యక్షుడు ఐసెన్‌హోవర్ కాలంలో పుట్టిన ఈ వర్గం, పైఅధికారికి నమ్మకంగా పనిచేయాల్సిన సహాయకుల కోసం. పోటీ పరీక్ష లేదు, ఉద్యోగ భద్రతా లేదు. ఆ మనిషి వెళ్లిపోతే పోస్టు అనుమతే రద్దవుతుంది. నాది ఈ ఆఖరి వర్గం.

ఇంటర్వ్యూలు రెండు, రెండూ వీడియోలోనే. వైట్‌హౌస్ నియామకాల విభాగం నుంచి మాట్లాడినావిడ ఇళ్ల గురించి ఒక్క ప్రశ్నా వేయలేదు. సోషల్ మీడియాలో ఏం రాశాను, ఎవరితోనైనా కోర్టు గొడవలున్నాయా, రేపు పేపర్లో వస్తే అధ్యక్షుడికి తలవంపులయ్యేది నా జీవితంలో ఏమైనా ఉందా. రెండోది శాఖవాళ్లది. వోచర్ గడువుల గురించి నలభై నిమిషాలు అడిగారు. నా పదకొండేళ్లూ ఆ నలభై నిమిషాల్లో పనికొచ్చాయి.

ఆ తర్వాతే అసలు పని మొదలైంది. నేపథ్య విచారణకి ఎస్ఎఫ్ 85పి అనే ఫారం. ఉన్న ఇళ్ల చిరునామాలు, చేసిన ఉద్యోగాలు, చుట్టాలు, చేసిన ప్రయాణాలు. పాత పాస్‌పోర్టులు ముందేసుకుని ముద్రలు చూస్తూ, ఎప్పుడెప్పుడు తెనాలి వెళ్లామో రెండు రాత్రులు కూర్చుని రాశాను. ఆపైన 278ఇ అనే ఆస్తుల ప్రకటన. నావే కాదు, భర్తవి, మైనరు పిల్లలవి కూడా రాయాలి. వెయ్యి డాలర్లు దాటిన ఆస్తి, రెండు వందలు దాటిన ఆదాయం ఏదీ వదలకూడదు. అది బహిరంగ పత్రం. ఎవరు అడిగినా ఇస్తారు.

నాన్న పోయాక పంపకాల్లో నా పేరు మీదికి వచ్చిన పొలం ఉంది, ఎకరం ఇరవై సెంట్లు. అన్నయ్యకి ఫోన్ చేసి పాసుపుస్తకం ఫొటో పంపమంటే కంగారుపడ్డాడు. "అక్కడి గవర్నమెంటుకి మన పొలం సంగతి ఎందుకే? రేపు దాని మీద ఏమైనా తిప్పలొస్తే?" నాకూ భయమే. కౌలు ఎంత అని శాఖలోని ఎథిక్స్ అధికారిణి అడిగితే బస్తాల్లో చెప్పాల్సి వచ్చింది. ఇరవై నాలుగు బస్తాల ధాన్యం. అన్నయ్య ఆ ఏటి ధర చెప్పాడు, రూపాయలు కట్టి, డాలర్లలోకి మార్చాను. ఆదాయం 201 నుంచి 1,000 డాలర్ల గడిలో పడింది, విలువ 1,00,001 నుంచి 2,50,000 గడిలో. ఆవిడ ఓపిగ్గా విని, "ఇది రాస్తే చాలు, ఇబ్బందేం లేదు" అంది.

ఇబ్బంది ఇంకోచోట నుంచి వచ్చింది, మేం అసలు ఆలోచించని చోటు నుంచి. 2012లో కొలంబస్‌లో మా మొదటి టౌన్‌హోమ్ కొన్నాం. చేతిలో డబ్బు తక్కువ, 3.5 శాతం డౌన్ పేమెంటుతో ఎఫ్‌హెచ్‌ఏ లోన్ తీసుకున్నాం. నాలుగేళ్లు అందులోనే ఉండి, పెద్దిల్లు కొనుక్కున్నాక దాన్ని అద్దెకిచ్చాం. మనవాళ్లలో ఎంతమంది చేయరీ పని! కానీ ఎఫ్‌హెచ్‌ఏ అంటే హడ్‌లో భాగమే, ఆ అప్పుకి బీమా ఇచ్చేది హడ్. సొంతంగా ఉంటున్న ఇల్లయితే సరే, అద్దెకిచ్చిన ఈ ఇంటి అప్పుకి శాఖ బీమా ఉండగా నేను చేరడం కుదరదని ఎథిక్స్ అధికారిణి చెప్పింది. అమ్మాలి, లేదా ఆ లోన్ తీర్చి మామూలు లోన్‌లోకి మార్చాలి.

ఆ రాత్రి మా ఆయన భోజనం చేస్తూ, "ఎప్పుడు తీసేస్తారో తెలియని ఉద్యోగం కోసం ఇల్లు అమ్ముకోవాలా?" అన్నారు. కోపం లేదు, నిజంగానే అడిగారు. అమ్మొద్దండీ, రీఫైనాన్స్ చేద్దాం అన్నాను. ఆ వేసవిలో వడ్డీలు తక్కువే, అద్దె ఇంటికి కాస్త ఎక్కువ అంతే. ఒక లోన్ కంపెనీ ఆరు వారాలు కాగితాలు తిప్పి, అప్రైజల్‌లో ఇంటి విలువ తక్కువొచ్చిందని చివర్లో వదిలేసింది. రెండో కంపెనీతో మళ్లీ మొదటి నుంచి. ఈ మధ్యలో నేను ఆఫీసుకి వెళ్లి అత్యవసర వోచర్లు ఇస్తూనే ఉన్నాను. సెప్టెంబరు చివరికి సంతకాలయ్యాయి.

ఇంత కట్టుదిట్టం ఎందుకని అప్పుడు పాత సంగతులు చదివాను. అధ్యక్షుడు రీగన్ హయాంలో ఎనిమిదేళ్లూ హడ్ మంత్రిగా ఉన్నది శామ్యూల్ పియర్స్. పాత ఇళ్లు బాగుచేసి పేదలకి అద్దెకిచ్చే పథకం డబ్బు పలుకుబడి ఉన్నవాళ్లకి ఎలా వెళ్లిందో 1989లో శాఖ లోపలి తనిఖీలు చూసే ఇన్‌స్పెక్టర్ జనరల్ నివేదిక బయటపెట్టింది. కొన్ని ఫోన్ కాల్స్ చేసినందుకు ఒక మాజీ మంత్రికి మూడు లక్షల డాలర్లకు పైగా ముట్టింది. పియర్స్ మీద అభియోగం మోపలేదు గానీ, ప్రత్యేక విచారణలో 17 మందికి శిక్షలు పడ్డాయి. 1989 డిసెంబరులోనే హడ్ సంస్కరణల చట్టం వచ్చింది. చదివాక మా టౌన్‌హోమ్ మీద పెట్టిన ఆ రెండు నెలలకి నాకు బాధ పోయింది. ఆ ఫోన్ కాల్స్ డబ్బు నా కౌంటర్ ముందు నిలబడేవాళ్లదే కదా.

అక్టోబరులో ప్రమాణం. అప్పటికి చాలామంది ఇళ్ల నుంచే పనిచేస్తున్నారు, నేనూ డైనింగ్ టేబుల్ దగ్గర కంప్యూటర్ ముందు కుడిచెయ్యి ఎత్తి నిలబడ్డాను. పక్కన ఫోన్లో అమ్మ, అన్నయ్య. తెనాలిలో రాత్రి పదకొండు. రాజ్యాంగానికి కట్టుబడతానన్న వాక్యం దగ్గర గొంతు పట్టేసింది. నేను పనిచేసిన అథారిటీ ఫైలు ఏదొచ్చినా ఏడాదిపాటు ముట్టుకోనని రాసిచ్చిన కాగితం కూడా అదే టేబుల్ మీద ఉంది.

2022 వసంతంలో మొదటిసారి వాషింగ్టన్ ఆఫీసులో అడుగుపెట్టాను. వంపు తిరిగిన పెద్ద కాంక్రీట్ భవనం, మార్సెల్ బ్రాయర్ అనే ఆర్కిటెక్టు డిజైన్ చేసింది. మంత్రిగా చేసిన జాక్ కెంప్ దాన్ని పది అంతస్తుల బేస్‌మెంట్ అన్నాడట. దాని పేరు రాబర్ట్ వీవర్ భవనం. కెన్నెడీ ఈ శాఖ పెట్టాలంటే కాంగ్రెస్ ఒప్పుకోలేదు, నల్లజాతి మనిషి వీవర్‌ని మంత్రిని చేస్తాడని కొందరికి కంటగింపు. 1965లో తర్వాతి అధ్యక్షుడు జాన్సన్ శాఖ తెచ్చాడు, 1966లో వీవరే మొదటి మంత్రయ్యాడు, అమెరికా కేబినెట్‌లో మొదటి నల్లజాతీయుడు. గుమ్మం దగ్గర ఆ పేరు చదువుకుని లోపలికి వెళ్లాను.

2025 జనవరి 20 మధ్యాహ్నం పన్నెండుకి అధ్యక్షుడు మారాడు, దాంతో నా ఉద్యోగం అయిపోయింది. లాప్‌టాప్, బ్యాడ్జి ముందే ఇచ్చేశాను. పదవి దిగిన 30 రోజుల్లోపు ఆస్తుల ప్రకటన ఇంకోసారి ఇవ్వాలి. అన్నయ్యకి ఫోన్ చేశాను. ఈసారి ఎందుకని అడగలేదు, "ఈ ఏడూ ఇరవై నాలుగే రాసుకో" అన్నాడు.