అఫ్లాటాక్సిన్ బి1, టోటల్, ఎం1: రిపోర్టులో అంకె చూసే ముందు

ల్యాబు కాగితం మీద "అఫ్లాటాక్సిన్ 12" అని మాత్రమే ఉంటే, దాన్ని పట్టుకుని సరుకు మంచిదనీ చెప్పలేం, పనికిరాదనీ చెప్పలేం. అఫ్లాటాక్సిన్ అంటే గింజల మీద పెరిగే ఒక బూజు తయారుచేసే విషం, అందులో రకాలున్నాయి. ఇది ఏ అఫ్లాటాక్సిన్? పన్నెండంటే పీపీబీనా (వంద కోట్లలో ఒక భాగం), పీపీఎమ్మా (పది లక్షల్లో ఒక భాగం)? ఎన్ని బస్తాల్లోంచి ఎంత తీసి పరీక్ష చేశారు? వేరుశనగ, మిరప, మొక్కజొన్న, దాణా వ్యాపారాల్లో ఈ మాటను "అఫ్లా" అని కుదించి వాడేస్తుంటారు. "అఫ్లా వచ్చింది", "ఈ లాటు అఫ్లా ఫ్రీ" అని చెప్పుకుంటారు. సగం తగాదాలు ఆ కుదింపులోంచే పుడతాయి.

పేరు దగ్గర మొదలుపెడదాం. 1960లో ఇంగ్లండులో లక్షకు పైగా టర్కీ కోళ్లు కొద్ది నెలల్లోనే చచ్చిపోయాయి. కారణం తెలియక దాన్ని "టర్కీ ఎక్స్" జబ్బు అన్నారు. వెతగ్గా వెతగ్గా, బ్రెజిల్ నుంచి వచ్చి దాణాలో కలిసిన వేరుశనగ చెక్క (నూనె తీశాక మిగిలే పిప్పి) పట్టుబడింది. ఆ చెక్కలో ఉన్న బూజు ఆస్పర్జిల్లస్ ఫ్లేవస్. ఆస్పర్జిల్లస్‌లోంచి "అ", ఫ్లేవస్‌లోంచి "ఫ్లా" తీసి, విషానికి వాడే "టాక్సిన్" తగిలించారు. అంటే ఈ పేరు బూజుది కాదు, బూజు తయారుచేసే రసాయనానిది. మాట వాడకంలో జరిగే మొదటి పొరపాటు ఇక్కడే. "గింజకు అఫ్లాటాక్సిన్ పట్టింది" అని పచ్చటి బూజును చూపిస్తారు. కనిపించేది శిలీంధ్రం. విషం కంటికి కనపడదు, వాసనా రుచీ ఉండవు. బూజు పట్టిన గింజలో విషం లేకపోవచ్చు, ఎందుకంటే ఫ్లేవస్‌లోనే విషం చేయని రకాలున్నాయి. బూజు ఎండి రాలిపోయి, తుడిచి పాలిష్ పట్టిన గింజలో విషం నిండుగా ఉండొచ్చు.

ఇక అక్షరాలు. పలుచటి సిలికా పూత ఉన్న పలక మీద ఈ విషాలను విడదీసి అతినీలలోహిత కాంతిలో చూస్తే కొన్ని చుక్కలు నీలంగా, కొన్ని ఆకుపచ్చగా మెరిశాయి. నీలం బ్లూ కాబట్టి బి, ఆకుపచ్చ గ్రీన్ కాబట్టి జి. పలక మీద ఎక్కువ దూరం పోయినదానికి 1, వెనకబడినదానికి 2. అలా బి1, బి2, జి1, జి2 వచ్చాయి. ఆస్పర్జిల్లస్ ఫ్లేవస్ సాధారణంగా బి రకాలే చేస్తుంది, పారాసిటికస్ అనే దాని చుట్టం బి, జి రెండూ చేస్తుంది. నాలుగింటిలో ఎక్కువ ప్రమాదకరం బి1. లివర్‌లోని ఎంజైములు దాన్ని చురుకైన ఎపాక్సైడ్ అనే పదార్థంగా మారుస్తాయి, అది డీఎన్ఏకి అతుక్కుంటుంది. కాలేయ క్యాన్సర్‌తో సంబంధం అక్కడి నుంచే వస్తుంది. హెపటైటిస్ బి ఉన్నవాళ్లలో ఈ ప్రమాదం ఎన్నో రెట్లు పెరుగుతుంది. అంతర్జాతీయ క్యాన్సర్ పరిశోధనా సంస్థ అఫ్లాటాక్సిన్లను మొదటి గ్రూపులో, అంటే మనిషికి క్యాన్సర్ తెస్తాయని రుజువైన వాటిలో పెట్టింది. ఎం అంటే మిల్క్. బి1 తిన్న పశువు ఒంట్లో అది ఎం1గా మారి పాలలోకి దిగుతుంది.

రిపోర్టులో "టోటల్" అని ఉంటే బి1, బి2, జి1, జి2 నాలుగూ కలిపిన లెక్క. ఎం1 అందులో ఉండదు. ఈ తేడా ఎందుకు ముఖ్యమో ఒక ఉదాహరణ చూడండి. నేరుగా తినే వేరుశనగకు ఐరోపా సమాఖ్య బి1కి 2, టోటల్‌కి 4 పీపీబీ హద్దు పెట్టింది. మీ లాటులో బి1 2.6, టోటల్ 3.4 వచ్చిందనుకోండి. టోటల్ చూసి సంబరపడితే సరుకు రేవులో ఆగిపోతుంది, బి1 దాటింది కదా. మన దేశంలో ఆహార భద్రతా సంస్థ ఎఫ్ఎస్ఎస్ఏఐ హద్దులు ఎక్కువగా టోటల్ మీద ఉంటాయి. తృణధాన్యాలకు, పప్పులకు 15, ఇంకా శుద్ధి చేయాల్సిన వేరుశనగకు 15, నేరుగా తినేదానికి 10, మసాలా దినుసులకు 30. మిరపకు ఐరోపా హద్దు బి1కి 5, టోటల్‌కి 10. గుంటూరులో పాసైన మిరప ఐరోపాలో ఫెయిలవడంలో వింతేమీ లేదు.

పీపీబీ అంటే కిలోలో మైక్రోగ్రాములు, టన్నులో మిల్లీగ్రాములు. పీపీఎం దానికి వెయ్యి రెట్లు. ఈ వెయ్యి రెట్ల తేడా ఎలాంటిదో 1974లో గుజరాత్‌లోని పంచమహల్, రాజస్థాన్‌లోని బన్స్‌వాడా జిల్లాల్లో కనిపించింది. కోతప్పుడు అకాల వర్షానికి తడిసిన మొక్కజొన్న తిన్న గిరిజన కుటుంబాల్లో కామెర్లు, పొట్టలో నీరు చేరడం మొదలై వందకు పైగా మంది చనిపోయారు. మన హైదరాబాదులోని జాతీయ పోషకాహార సంస్థ వెళ్లి ఆరా తీస్తే ఆ మొక్కజొన్నలో 6 నుంచి 15 పీపీఎం దాకా ఉంది. పీపీబీలో చెబితే ఆరు వేల నుంచి పదిహేను వేలు. మన హద్దు పదిహేను. వాట్సాప్‌లో తిరిగే భయపెట్టే మెసేజీల్లోనూ, అప్పుడప్పుడు పత్రికల్లోనూ ఈ రెండు కొలతలూ కలగాపులగం అయిపోతుంటాయి.

రిపోర్టులో "ఎన్‌డీ" (నాట్ డిటెక్టెడ్) అనో "బీఎల్‌క్యూ" (బిలో లిమిట్ ఆఫ్ క్వాంటిఫికేషన్) అనో రాస్తే సున్నా అని అర్థం చేసుకోకండి. ఆ పద్ధతి పట్టగలిగిన, లెక్కించగలిగిన కనీస మోతాదుకన్నా తక్కువ ఉందని మాత్రమే దాని అర్థం. ఆ కనీస మోతాదు ఎంతో పక్కనే రాసి ఉండాలి. కనీసం 5 పీపీబీ మాత్రమే లెక్కించగల కిట్‌తో చేసిన ఎన్‌డీ 2 పీపీబీ హద్దున్న కొనుగోలుదారుకి దేనికీ పనికిరాదు. అందుకే "అఫ్లా ఫ్రీ" అనే మాటకు సాంకేతికంగా విలువ లేదు.

పద్ధతుల్లో యార్డు దగ్గర, మిల్లు దగ్గర నడిచేది స్ట్రిప్పు, ఎలైజా అనే యాంటీబాడీలతో చేసే త్వరిత పరీక్షలు. పటాన్‌చెరులోని అంతర్జాతీయ పంటల పరిశోధనా సంస్థ ఇక్రిశాట్ తక్కువ ఖర్చుతో అయ్యే ఎలైజా పరీక్షను తయారుచేసింది. ఎలైజాతో సరుకును త్వరగా వడపోయొచ్చు, కానీ మిరపలాంటి రంగు గాఢంగా ఉండే సరుకులో ఆ రంగే పరీక్షకు అడ్డం పడి అంకెను అటూఇటూ చేస్తుంది. బి1 ఎంత, జి1 ఎంత అని విడిగా కావాలన్నా, ఎగుమతి కాగితానికైనా, యాంటీబాడీ కాలమ్‌లో శుభ్రం చేసి హెచ్‌పీఎల్‌సీ గానీ, ఎల్‌సీ-ఎంఎస్ గానీ, అంటే విషాలను విడదీసి కొలిచే ల్యాబు యంత్రం మీద చేయించాలి. నల్ల లైటు (అతినీలలోహిత కాంతి) వేసి చూసి "మెరవలేదు, బాగానే ఉంది" అనేవాళ్లున్నారు. ఆ మెరుపు మొక్కజొన్న, పత్తిగింజల్లో శిలీంధ్రం చేసే మరో పదార్థం వల్ల వస్తుంది, అఫ్లాటాక్సిన్ వల్ల కాదు. వేరుశనగలో దాన్ని నమ్మితే మోసపోతారు.

అంకెల్లో తేడాలకు పెద్ద కారణం మాత్రం మెషీన్లు కావు, శాంపిల్. అఫ్లాటాక్సిన్ సరుకంతా సమంగా పరుచుకుని ఉండదు. వేల గింజల్లో ఏ ఒకటి రెండో నిండా విషం పట్టి ఉంటాయి, మిగతావన్నీ శుభ్రం. ఒక్క గింజలోనే పది లక్షల పీపీబీకి పైగా కొలిచిన దాఖలాలున్నాయి. లెక్క వేయండి. అర గ్రాము గింజలో పది లక్షల పీపీబీ అంటే 500 మైక్రోగ్రాములు. పది కిలోల శుభ్రమైన గింజల్లో అదొక్కటి పడితే మొత్తం 50 పీపీబీ అయిపోతుంది. ఆ పది కిలోల్లో దాదాపు ఇరవై వేల గింజలుంటాయి. మీరు పైబస్తాలోంచి గుప్పెడు తీసి కవర్లో వేసి పంపితే ఆ ఒక్కటి అందులో పడే అవకాశం ఎంత? అందుకే ఒకే లాటుకు ఒక ల్యాబు 2 అనీ, ఇంకో ల్యాబు 60 అనీ చెప్పినా రెండూ నిజమే అయి ఉండొచ్చు. పెద్ద లాటుకు ఐరోపా పద్ధతి 100 చోట్ల నుంచి 200 గ్రాముల చొప్పున మొత్తం 20 కిలోలు తీయమంటుంది. మన దగ్గర అంత తీయడానికి ఎవరికీ మనసొప్పదు. కనీసం బస్తాల అడుగు, మధ్య, పైభాగాల నుంచి కలిపి తీయాలి, తీసినదంతా ఒకేసారి మెత్తగా పిండి చేసి బాగా కలిపాకే పరీక్షకు కావాల్సిన 25 గ్రాములో 50 గ్రాములో తూచాలి. గింజల్లోంచి 50 గ్రాములు తీసి ఆ తర్వాత పిండి చేస్తే అప్పటిదాకా పడ్డ శ్రమంతా వృథా.

మరి ఆ ఒకటి రెండు గింజలు ఎక్కడ తయారవుతాయి? గోదాములో అనుకుంటారు. రాయలసీమ వేరుశనగలో చాలామటుకు నేలలోనే మొదలవుతుంది. వర్షాధారం పంటకు చివరి మూడు నుంచి ఆరు వారాలు వాన ముఖం చాటేస్తే, కాయ ఉన్న లోతులో మట్టి 28 నుంచి 31 డిగ్రీల దాకా వేడెక్కితే శిలీంధ్రానికి పండగే. గింజలో తేమ తగినంత ఉన్నంతవరకు మొక్క తన రక్షణ రసాయనాలను తయారు చేసుకుంటుంది. తేమ తగ్గేకొద్దీ అవి ఆగిపోతాయి. ఆ స్థితిలో చెదలు, కాయతొలుచు పురుగులు చేసిన రంధ్రం ఒక్కటి చాలు. అందుకని చివర్లో ఒక్క తడి ఇవ్వగలిగితే ఇవ్వాలి. పూత, ఊడలు దిగే దశలో ఎకరాకు 200 కిలోల జిప్సం వేస్తే కాయ తొక్క గట్టిపడి రక్షణ ఉంటుంది. పక్వానికి వచ్చాక "ఇంకో వాన పడితే పీకడం సులువు" అని వారాల తరబడి ఆగడం చేటు. ఎండి చచ్చిన మొక్కల కాయలను, పీకాక నేలలో మిగిలి ఏరుకున్న కాయలను, పార తగిలి పగిలిన కాయలను మంచి కాయల్లో కలపొద్దు. పరిమాణంలో కొద్దిగానే ఉన్నా, విషంలో సింహభాగం వీటిలోనే ఉంటుంది.

పీకిన చెట్లను కాయలు పైకి ఉండేలా తిప్పి వరసలుగా ఆరబెట్టాలి, పచ్చిగా ఉండగా కుప్పగా వేస్తే లోపల ఉడుకెత్తుతుంది. కాయలో తేమ 8–9 శాతానికి, గింజలో 7 శాతానికి దిగాలి. మీటరు లేకపోతే కాయను చెవి దగ్గర పెట్టి ఊపి చూడండి, గింజ గలగలమనాలి. గింజను వేళ్ల మధ్య నలిపితే పొట్టు ఊడిరావాలి. ఇంత కష్టపడి ఆరబెట్టిన కాయను కొట్టించేటప్పుడు గింజ పప్పులుగా విడిపోకూడదని నీళ్లు చల్లుతారు. అది నా దృష్టిలో ఈ మొత్తం గొలుసులో అన్నిటికన్నా మూర్ఖపు పని. తడిసిన గింజను అలాగే బస్తాకెత్తితే రెండు మూడు రోజుల్లో పొలంలో లేని అఫ్లా మిల్లులో పుడుతుంది. గింజ విరగడం తగ్గాలంటే మెషీను జల్లెడను కాయ సైజుకు సరిపెట్టుకోవాలి. నీళ్లు చల్లక తప్పదనుకుంటే అదే రోజు మళ్లీ 7 శాతానికి ఆరబెట్టి తీరాలి.

మిరపలోనూ ఇదే రోగం. కల్లంలో మట్టి మీద కాకుండా పట్టా మీద ఆరబెట్టి, రాత్రి మంచు పడకుండా కప్పి, 10–11 శాతం తేమకు తెచ్చిన కాయ మీద టిక్కీ (మిరప బస్తా) తొక్కేటప్పుడు విరగకుండా, కాస్త తూకం కూడా కలిసొస్తుందని నీళ్లు కొడతారు. ఇక తాలు (రంగు పోయి తెల్లబారిన) కాయలు వేరు చేస్తే సరిపోదు, ఆ తాలు ఎటు పోతుందో చూడాలి. చవక కారంలోకి పోతే ఏరిన శ్రమ ఎవరిని కాపాడినట్టు?

ఇంట్లో వేయించితే పోతుందా అని అడుగుతారు. ఈ విషం విడిపోవాలంటే 240 డిగ్రీల పైమాటే. వేపుడు కొంత తగ్గిస్తుంది కానీ హద్దు దాటినదాన్ని తినదగినదిగా మార్చదు. ఏరివేతే అన్నిటికన్నా నమ్మదగింది. ముడుచుకున్నవి, రంగు మారినవి, చేదుగా ఉన్నవి పారేయాలి. నూనె తీసినప్పుడు విషం ఎక్కువగా చెక్కలోనే ఉండిపోతుంది. ఫ్యాక్టరీలో క్షారంతో రిఫైన్ చేస్తే నూనెలో మిగిలిందీ పోతుంది. గానుగ నూనెకు ఆ శుద్ధి ఉండదు, కాబట్టి గానుగకు పోసే గింజ నాణ్యత మీదే అంతా ఆధారపడి ఉంటుంది. "ఎలాగూ నూనెకే కదా" అని పుచ్చు గింజలు పోయకండి.

ఆ చెక్క పాడిపశువు ముందుకొస్తుంది. తిన్న బి1లో దాదాపు 1–2 శాతం, బాగా పాలిచ్చే ఆవుల్లో అంతకన్నా ఎక్కువ, ఎం1గా పాలలోకి దిగుతుంది. 200 పీపీబీ ఉన్న చెక్క రోజుకు 2 కిలోలు పెడితే 400 మైక్రోగ్రాములు. అందులో 2 శాతం 8 మైక్రోగ్రాములు. పది లీటర్లిచ్చే పశువైతే లీటరుకు 0.8. పాలకు మన హద్దు 0.5, ఐరోపాలో 0.05. పాలు కాచినా, పాశ్చరైజ్ చేసినా ఎం1 తగ్గదు. అది పాలలోని కేసీన్ అనే ప్రోటీన్‌ను అంటిపెట్టుకుంటుంది కాబట్టి పనీర్‌లో ఇంకా చిక్కబడుతుంది. అయితే ఆ దాణా ఆపేస్తే కొద్ది రోజుల్లోనే పాలు మామూలవుతాయి. బెంటొనైట్ లాంటి మట్టి బైండర్లు దాణాలో కలిపితే పేగులో బి1ను కొంత పట్టుకుంటాయి, కానీ బూజు చెక్కను వాడుకోవడానికి అది లైసెన్సు కాదు. చెక్క కొనేటప్పుడు మిల్లువాణ్ణి టోటల్ కాదు, బి1 ఎంతో అడగండి. భారత ప్రమాణాల సంస్థ బీఐఎస్ పశుదాణా ప్రమాణంలో హద్దు 20 పీపీబీ, అదీ బి1 మీదే.