గట్టు తగాదా స్టేషన్‌కెక్కితే

ఉభాల (వరినాట్ల) ముందు శ్రీకాకుళం, విజయనగరం పల్లెల్లో గట్టు తగాదాలు మొదలవుతాయి. పక్కవాడు గట్టు చెక్కి రెండు సెంట్లు కలిపేసుకుని దమ్ము పట్టేస్తాడు, ఇవతలివాళ్లు స్టేషన్‌కి పరిగెడతారు. "ఇది సివిల్ మేటర్, కోర్టుకెళ్లండి" అంటారక్కడ. అందులో సగమే నిజం. భూమి ఎవరిదో, హద్దు ఎక్కడో తేల్చే అధికారం ఎస్సైకి లేదు, ఎస్పీకీ లేదు. కానీ కొట్టినా, కత్తి చూపించి బెదిరించినా, సర్వే రాయి పీకేసినా నేరమే. భూమి తగాదా ఉందని అది నేరం కాకుండా పోదు.

చాలామంది ఫిర్యాదు తాతల నాటి పంపకాలతో మొదలుపెట్టి, దెబ్బల సంగతి మూడో పేజీలో రాస్తారు. ఇంక సివిల్ అనక ఏమంటారు! ఏ రోజు, ఎన్ని గంటలకి, ఏ సర్వే నంబరులో, ఎవరు ఏం చేశారు, ఎవరు చూశారు అన్నది ఒక్క పేజీలో రాయండి. హక్కు గురించి ఒక్క వాక్యం చాలు. కేసు కట్టకపోతే అదే కాగితం ఎస్పీకి రిజిస్టర్డ్ పోస్టులో పంపాలి, బీఎన్ఎస్ఎస్ (పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ స్థానంలో వచ్చిన చట్టం) 173(4) కింద. అప్పటికీ కదలకపోతే 175(3) కింద మేజిస్ట్రేటు దగ్గరికి.

అసలు ప్రమాదం స్టేషన్ రాజీతో. పెద్దమనుషులు కూర్చుంటారు, తెల్లకాగితం మీద "ఫలానా గట్టు వరకు అవతలివారి అనుభవం" అని, అంటే భూమి వాళ్ల చేతిలోనే ఉందని రాసి సంతకం పెట్టమంటారు. రిజిస్టర్ కాని ఆ కాగితంతో భూమి చేతులు మారదు, నిజమే. కానీ రేపు అవతలి వకీలు స్టాంపు సుంకం, పెనాల్టీ కట్టి, అనుభవం మీరే ఒప్పుకున్నారని కోర్టులో పెడతాడు. పెట్టకండి సంతకం. సాక్షిగా పిలవాలన్నా రాతపూర్వకంగా పిలవాలి; ఆడవాళ్లనీ అరవై దాటినవాళ్లనీ స్టేషన్‌కి రప్పించకూడదు, వాళ్ల ఇంటికే వెళ్లాలని బీఎన్ఎస్ఎస్ 179 చెబుతోంది.

గొడవ ముదిరితే బీఎన్ఎస్ఎస్ 164 కింద ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేటు (తహసీల్దారు వంటి రెవెన్యూ అధికారి) ముందుకి వెళుతుంది. అక్కడా చూసేది అనుభవమే, హక్కు కాదు. పోలీసు రిపోర్టుకి ముందు రెండు నెలల్లోపు బలవంతంగా వెళ్లగొట్టి ఉంటే, మీరే అనుభవంలో ఉన్నట్టు ఆయన లెక్క వేయొచ్చు. కోర్టులో అయితే స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం సెక్షన్ 6 కింద భూమి తిరిగి ఇప్పించమని దావా వెయ్యడానికి, వెళ్లగొట్టిన రోజు నుంచి ఆరు నెలల గడువు, టైటిల్‌తో (హక్కుతో) పనిలేదు. అందుకే ఊరందరి సాక్ష్యం కంటే అడంగల్ (ఊరి భూమి, సాగు రికార్డు), శిస్తు రసీదు, మీ పేరున్న ఈ-క్రాప్ (ప్రభుత్వ పంట వివరాల) నమోదు ఎక్కువ పనిచేస్తాయి.

అనుభవం ఇంకా మీ చేతిలోనే ఉంటే సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 39 కింద ఇంజంక్షన్ (అవతలివాళ్లని ఆపే ఉత్తర్వు) అడగండి. అవతలివాళ్లకి నోటీసు లేకుండా వస్తే, అదే రోజు లేదా మర్నాడు వాళ్లకి కాగితాలు పంపి కోర్టులో అఫిడవిట్ వెయ్యాలి. ఇది మరిచిపోయి ఆర్డరు పోగొట్టుకునేవాళ్లున్నారు. ఆర్డరు చేతికొచ్చినా పోలీసులు కదలకపోతే, అదే దావాలో అదే కోడ్ సెక్షన్ 151 కింద పోలీసు సాయం కోరుతూ పిటిషన్ వెయ్యాలి.