నిత్యమా, వైకల్పికమా?

తొమ్మిదో తరగతిలో మా తెలుగు సార్, సంధి సూత్రం అప్పజెప్పగానే కూర్చోనిచ్చేవారు కాదు. "నిత్యమా, వైకల్పికమా?" అని అడిగేవారు. రాముడు, ఇతడు కలిస్తే రాముడితడే. ఉత్వసంధి నిత్యం. ఏమి, అంటివి కలిస్తే మాత్రం ఏమంటివి అనొచ్చు, ఏమియంటివి అని కూడా అనొచ్చు. ఆ "కూడా" సంగతి సూత్రమే చెప్పాలి, చదివేవాడికి వదలొద్దు అనేవారు సార్.

ఎంసీఏలో కంపైలర్ల క్లాసులో, అంటే ప్రోగ్రామును కంప్యూటర్‌కు అర్థమయ్యేలా మార్చే సాఫ్ట్‌వేర్ల పాఠంలో, అదే ప్రశ్న మళ్లీ ఎదురైంది. ఆల్గాల్ 60 అనే ప్రోగ్రామింగ్ భాష వ్యాకరణాన్ని 1960లోనే సూత్రాలుగా అచ్చువేశారు. బ్యాకస్, నౌర్‌ల పేరు మీద ఆ పద్ధతిని బీఎన్ఎఫ్ అంటారు. ఒక ఇఫ్ (ఇలా అయితే) లోపల ఇంకో ఇఫ్ ఉండి, చివర ఒకటే ఎల్స్ (లేకపోతే) వస్తే అది ఏ ఇఫ్‌కు చెందుతుంది? సూత్రం చెప్పకపోతే రెండర్థాలూ సరైనవే. సీ భాషలో దగ్గరి ఇఫ్‌కే అని తేల్చారు.

చాలా ఏళ్లకు మిర్యాలగూడలో ఒక రైస్ మిల్లుకు తూకం బిల్లుల సాఫ్ట్‌వేర్ రాశాను. వడ్ల తేమను బట్టి తరుగు తీస్తారు. ఆ లెక్క మారినప్పుడల్లా నాకు ఫోన్ వచ్చేది. గుమాస్తానే రాసుకునేలా ఒక చిన్న భాష చేశాను. మొదట "ఒకవేళ తేమ 17 కన్నా ఎక్కువ అప్పుడు తరుగు 1" అని పెట్టాను. ఆయన చూసి, "గిట్ల ఎవరు మాట్లాడ్తరన్నా?" అన్నాడు. నిజమే, మన షరతు క్రియ చివర "తే"లో ఉంటుంది. అప్పుడిలా మార్చాను:

తేమ 17 దాటితే క్వింటాలుకు 1 కిలో తరుగు.

వాక్యాన్ని విడగొట్టి అర్థం చేసుకునే ప్రోగ్రాము, అంటే పార్సర్‌కు ఇదే తేలికైంది. "దాటితే" ఒక టోకెన్ (విడి మాట), దానికి ముందున్నది కొలత, తర్వాతది చేయాల్సిన పని.

ఆ సీజన్‌లోనే గుమాస్తా కింద ఇంకో వరుస చేర్చాడు: తేమ 20 దాటితే క్వింటాలుకు 3 కిలోల తరుగు. 21 తేమతో వచ్చిన 40 క్వింటాళ్ల లోడుకు రెండు వరుసలూ పట్టాయి. 3 కిలోలు పోవాల్సిన చోట 4 పోయాయి. రైతు చీటీ చూసి, "ఒక్క తేమకు రెండుసార్లు కోస్తరా బిడ్డా?" అని అడిగాడు. ఆ 40 కిలోల డబ్బు తిరిగి ఇప్పించాం. గుమాస్తా తప్పేమీ లేదు. రెండూ పడితే ఏది చెల్లుతుందో నా భాషే చెప్పలేదు.

అప్పటికే ఇంకో మూడు మిల్లుల్లో ఆ భాష వాడుతున్నారు. బెల్ ల్యాబ్స్‌లో 1976లో మేక్ అనే, ప్రోగ్రాములను కూర్చిపెట్టే సాధనాన్ని రాసిన స్టువర్ట్ ఫెల్డ్‌మన్, వరుస మొదట ట్యాబ్ ఉండాలన్న నియమం బాగాలేదని తెలిసీ, అప్పటికే పది పన్నెండు మంది వాడుతున్నారని మార్చలేదు. ఆ ట్యాబ్‌తో ఇప్పటికీ అందరూ తిప్పలు పడుతున్నారు. అది గుర్తొచ్చి వెంటనే మార్చేశాను. ఒకే కొలత మీద ఎన్ని వరుసలు పట్టినా పెద్ద అంకె ఉన్నదే చెల్లుతుంది. రెండూ కలవాలంటే "కూడా" అని రాయాల్సిందే. నాలుగు మిల్లులకూ నేనే వెళ్లి పాత వరుసలన్నీ సరిచేశాను.

పోయిన వానాకాలం వడ్లప్పుడు గుమాస్తా ఫోన్ చేశాడు. తాలుకు కొత్త వరుస రాస్తున్నాడట.

"అన్నా, ఈడ 'కూడా' పెట్టాల్నా, వద్దా?"