సెకిగహరాలో పాత మ్యాప్ పట్టుకుని ఒక రోజు

జపాన్‌లో నగోయాకి జాబ్‌కి వచ్చిన దగ్గర్నుంచి, 1600లో పెద్ద యుద్ధం జరిగిన సెకిగహరా వెళ్దాం వెళ్దాం అనుకుంటూనే ఉన్నా, మొత్తానికి మొన్న శనివారం పొద్దున్నే ఓగకిలో ట్రైన్ మారి దిగేశా. చేతిలో ఒక మ్యాప్ ప్రింటవుట్, 1893లో జపాన్ ఆర్మీ వాళ్ళు వేసిన ఆ యుద్ధ చరిత్రలోది. యుద్ధం అయిన దాదాపు 300 ఏళ్ళకి గీసింది కాబట్టి గుడ్డిగా నమ్మక్కర్లేదు, కానీ ఇప్పుడు మనం చూసే బొమ్మలు చాలావరకు దానికి కాపీలే.

అది చూస్తే ఎవరైనా ఇషిదా మిత్సునారిదే గెలుపు అంటారు. 1600 అక్టోబర్ 21న లోయకి ఉత్తరాన ససావో కొండ మీద అతను, దక్షిణాన మత్సువో కొండ మీద అతని పక్షానే ఉన్న కొబయకవా హిదెయాకి, తూర్పున నాంగూ కొండ మీద అదే పక్షంలోని మోరీ వంశం సైన్యం. మధ్యలో వీళ్ళ శత్రువు తొకుగవా ఇయెయాసు, వలలో చేప లాగా.

స్టేషన్ దగ్గర అద్దె సైకిల్ తీసుకుని ముందు ససావో. పేరుకే కొండ, గుట్ట అనుకోండి. పైన నిలబడి బొటనవేలు చాపితే ఎదురుగా మత్సువో వేలి చాటుకి వెళ్ళిపోయింది. ఆ పొద్దున ఇక్కడంతా పొగమంచు, ఇంక అక్కడ ఎవడేం చేస్తున్నాడో మిత్సునారికి ఏం కనబడి ఉంటుంది?

తర్వాత ఇయెయాసు మొదట దిగిన మొమొకుబరి కొండ. వెనక్కి తిరిగితే నాంగూ, అంటే శత్రువు సరిగ్గా వీపు మీద! ఎలా కూర్చున్నాడ్రా బాబూ అనుకున్నా, కానీ మోరీల్లోనే కిక్కవా హిరోయియె అనేవాడు ముందే ఇయెయాసుతో లోపాయికారీగా మాట్లాడేసుకుని దారికి అడ్డంగా కూర్చున్నాడు, వెనకున్న మోరీ హిదెమొతో అనే అతన్ని ఎందుకు కదల్లేదని అడిగితే మావాళ్ళు అన్నం తింటున్నారని చెప్పాడంటారు. నేను కూడా అక్కడే పులిహోర డబ్బా విప్పా. అప్పుడు చూసుకుంటే నా ప్రింట్‌లో నాంగూ సగం మార్జిన్‌లో కట్ అయిపోయింది.

చివరికి మత్సువో, 293 మీటర్లు, చొక్కా తడిసిపోయింది. పైకెక్కాక మాత్రం నోరెళ్ళబెట్టా, లోయ మొత్తం అచ్చం చేతిలో మ్యాప్ లాగే పరిచినట్టుంది, అప్పటిదాకా తిరిగిన చోట్ల ఎక్కడా అలా కనబడలేదు. హిదెయాకికి అప్పటికి ఇరవై కూడా నిండలేదు. ఇక్కడ కూర్చుని చూసీ చూసీ, దిగి సొంత పక్షంలోని ఓతాని యొషిత్సుగు మీదే పడ్డాడు, మధ్యాహ్నానికల్లా మిత్సునారి పని అయిపోయింది. కింద షింకాన్సెన్ బుల్లెట్ ట్రైన్ సర్రున పోతోంది, సైకిల్ అయిదింటికల్లా ఇచ్చేయాలని గుర్తొచ్చి పరుగున దిగా.